భోజనాల వరసలోనే అసలు సదస్సు

నేను జీవితంలో ఒక్క ఇల్లు కూడా కట్టలేదు. ఇళ్లు కట్టేవాళ్లను ఏడాదికోసారి ఒక హాల్లో కూర్చోబెట్టడమే నా ఉద్యోగం. భవన నిర్మాణ ఇంజనీర్ల సంఘం ఒకదానికి ఇరవై ఎనిమిదేళ్లు ఆఫీసు కార్యదర్శిగా పనిచేశాను. చిక్కడపల్లిలో ఒక టిఫిన్ సెంటర్ పైన మాకు రెండు గదులుండేవి. సంఘంలో అందరూ ఇంజనీర్లే, బి.కాం. చదివినదాన్ని నేనొక్కదాన్నే. నా పేరు విమల. రెండువేల పద్నాలుగులో రిటైరయ్యాను.

ఇప్పుడు ఈ పని నేర్పడానికి కాలేజీలే వచ్చాయట. అక్కడ చదివిన పిల్లలు అప్పుడప్పుడు మా అశోక్‌నగర్ ఇంటికొచ్చి సలహాలు అడుగుతుంటారు. హాలు ఎన్నాళ్ల ముందు బుక్ చేయాలి, స్టేజి మీద పూలు ఏవి పెట్టాలి, చీఫ్ గెస్టు రాకపోతే ఏం చేయాలి, ఇవే ప్రశ్నలు. అసలు సదస్సు ఎందుకు పెట్టాలని మాత్రం ఒక్కరూ అడగరు. అడగకపోయినా చెప్పడం నాకు అలవాటు కాబట్టి రాస్తున్నాను.

వేదిక మీద జరిగేది

మా సదస్సులు ఎక్కువగా నారాయణగూడలోనే జరిగేవి. మొదట జ్యోతి ప్రజ్వలన. ఫ్యాన్లు ఆపితే పెద్దలకు చెమట, ఆపకపోతే వత్తి వెలగదు. ఆ సంగతి తేలేలోపు పది నిమిషాలు పోతాయి. తర్వాత పూలగుత్తులు, స్వాగతోపన్యాసం. పేపరు చదివే మనిషికి పది నిమిషాలిస్తాం, ఆయన్ని పరిచయం చేసే మనిషి పదిహేను నిమిషాలు తీసుకుంటాడు. మధ్యాహ్నం ఒకరికి సన్మానం. మన దగ్గర శాలువా లేని సదస్సును ఎవరూ సదస్సు అనుకోరు.

హాల్లో ముందు రెండు వరసలు పెద్దలవి. మధ్యలో సర్టిఫికెట్ కోసం వచ్చిన కుర్ర ఇంజనీర్లు. వెనక వరసలు ఎప్పుడూ ఖాళీయే. అవి ఖాళీగా కనిపిస్తే ఫొటోలు బాగుండవు. అందుకని పదకొండు దాటాక గేటు దగ్గర బ్యాడ్జీలు అడగడం మానేయమనేదాన్ని. ఎండకు తాళలేక, ఫ్యాన్ కింద కాసేపు కూర్చుందామని ఎవరెవరో వచ్చేవారు. ఒక ఏడాది సిమెంటు గురించిన ఉపన్యాసానికి గట్టిగా చప్పట్లు కొట్టినాయన పక్క బజారులో గొడుగులు బాగుచేసేవాడు.

ఇదంతా వెటకారంగా చెబుతున్నానని అనుకోవద్దు. వేదిక లేకపోతే పెద్దవాళ్లు రారు. పెద్దవాళ్లు రాకపోతే వాళ్లను కలవాలనుకునేవాళ్లు రారు. వేదిక పని అంతవరకే. అక్కడ ఏం మాట్లాడారన్నది మరుసటి రోజు మాట్లాడినవాళ్లకే గుర్తుండదు.

ముందే రాసిన నివేదిక

ఈ మాట నాకు రెండువేల తొమ్మిదిలో బాగా అర్థమైంది. సదస్సు నివేదికను మేం సదస్సుకు ముందే రాసి పెట్టుకునేవాళ్లం. మా పత్రిక ప్రెస్సుకు వెళ్లే రోజూ సదస్సు రోజూ ఒకటే కావడం వల్ల అలా అలవాటైంది. ఎవరు ఏ అంశం మీద మాట్లాడతారో తెలుసు, 'సభికులు ఆసక్తిగా విన్నారు' అని చేర్చడానికి వినాల్సిన పనేముంది? ఆ ఏడాది ఢిల్లీ నుంచి రావాల్సిన ఒక ప్రొఫెసర్, రైలు ఎనిమిది గంటలు ఆలస్యమై, అసలు రానేలేదు. పత్రికలో మాత్రం ఆయన ప్రసంగం సభికులను ఆలోచింపజేసిందని అచ్చయింది. పది రోజుల తర్వాత ఆయన దగ్గర నుంచి ఉత్తరం వచ్చింది. తాను అంత బాగా మాట్లాడినట్టు తెలిసి చాలా సంతోషించానని రాశాడు.

నాకు తల కొట్టేసినట్టయింది. ఆ ఉత్తరం మా అధ్యక్షుడు మాధవరావు గారికి చూపించాను. ఆయన చదివి, కళ్లద్దాలు తీసి, "ఆయన వచ్చినా గదే మాట్లాడేటోడు కదమ్మా, దీంట్ల తప్పేమున్నది?" అన్నారు. మాధవరావు గారు చెడ్డమనిషి కాదు. సంఘం కోసం రెక్కలు ముక్కలు చేసుకున్నారు. కానీ ఆయన దృష్టిలో సదస్సంటే గొడవ లేకుండా ముగియాల్సిన కార్యక్రమం. పెళ్లి జరిపించినట్టు జరిపించేవారు. నేనూ చాలా ఏళ్లు అలాగే అనుకున్నాను. అక్కడే పొరపడ్డాను.

ఒకే వరస

ఉద్యోగంలో నా అంతట నేను కనిపెట్టిన విద్య ఒకటుంది. అది భోజనాల వరస.

పెద్దలకు విడిగా ఒక గదిలో వడ్డించడం అన్నిచోట్లా ఆనవాయితీ. నేను దాన్ని తీసేయించాను. అందరికీ ఒకే వరస, ఒకే పప్పు గిన్నె. మాధవరావు గారు మొహం చిట్లించారు కానీ, రెండుచోట్ల వడ్డించడానికి మనుషులు తక్కువ పడతారని చెబితే ఒప్పుకున్నారు. అసలు కారణం వేరే. పళ్లెం చేతిలో పట్టుకున్న మనిషి ఎక్కడికీ పారిపోలేడు. వేదిక మీద రెండు వందల మంది ముందు ఎవరూ తమ తప్పు ఒప్పుకోరు, ఒప్పుకోమని అడగడం కూడా మర్యాద కాదు. పప్పు కోసం ఎదురుచూస్తూ నిలబడ్డప్పుడు పక్కవాడు అడిగితే మాత్రం చెబుతాడు.

ఎవరి వెనక ఎవరు నిలబడాలో నేను పొద్దున్నే మనసులో రాసుకునేదాన్ని. "సార్, మీరు ముందు పదండి" అని ఒకరిని పంపి, ఇంకొకరిని మాటల్లో పెట్టి సరిగ్గా ఆయన వెనక చేర్చేదాన్ని. ఏళ్ల తరబడి పత్రికలో ఒకరినొకరు తిట్టుకున్న ఇద్దరు ఇంజనీర్లను ఇలాగే కలిపాను. బగారా బైంగన్ గిన్నెలో ఒక్క వంకాయే మిగిలింది. "మీరు తీసుకోండి" అంటే "మీరే తీసుకోండి" అనుకున్నారు. దాన్ని సగం చేసుకుని ఒక మూల కూర్చున్న మనుషులు ఐస్‌క్రీము కరిగిపోయేదాకా లేవలేదు. ఆ తర్వాత పత్రికలో తిట్లు లేవు. చదవడానికి కొంచెం చప్పగా తయారైందని మాట వచ్చింది గానీ, నేను పట్టించుకోలేదు.

చీటీలు

ఇక నా తప్పు సంగతి. సభికుల ప్రశ్నలకు మొదట్లో మైకు ఇచ్చేవాళ్లం. ఒకాయన మైకు పట్టుకుని నలభై నిమిషాలు తన సర్వీసు గురించి చెప్పాక చీటీల పద్ధతి పెట్టాను. ప్రశ్న కాగితం మీద రాసి పంపాలి. నేను వేదిక పక్కన కూర్చుని చూసి, మూడో నాలుగో పైకి పంపుతాను. మిగతావి ఒక ప్లాస్టిక్ కవర్లో వేస్తాను. కవరు మీద 'తర్వాత' అని స్కెచ్ పెన్నుతో రాసి ఉండేది. ఆ 'తర్వాత' ఏనాడూ రాలేదు.

నా ఎంపిక ఇలా ఉండేది. వేదిక మీదివాళ్లను ఇబ్బంది పెట్టేది వద్దు. పొడుగ్గా ఉన్నది వద్దు. అక్షరాలు బాగుండాలి. ఇంగ్లీషులో ఉంటే ఇంకా మంచిది. ఇది ఎవరూ నాకు చెప్పిన నియమం కాదు, నేనే పెట్టుకున్నది. దాన్ని సామర్థ్యం అనుకునేదాన్ని.

రెండువేల పన్నెండు జూన్ మొదట్లో, వానలు ఇంకా పడకముందు, సదస్సు పెట్టాం. నగరంలో ఇరుకు స్థలాల్లో సెల్లార్లు తవ్వడం ఎలా అన్నది అంశం. ముఖ్య వక్త రంగనాథం గారు, పేరున్న డిజైన్ ఇంజనీరు. ఆ మధ్యాహ్నం సన్మానం కూడా ఆయనకే. ఆయన బొమ్మతో నారాయణగూడ చౌరస్తాలో పెద్ద ఫ్లెక్సీ కట్టించాను. పొద్దున ఆయన సైటు నుంచి తెప్పించిన ఫొటోలు తెర మీద చూపిస్తూ, అశోక్‌నగర్‌లో తాను డిజైన్ చేసిన ఒక సెల్లార్ తవ్వకాన్ని ఉదాహరణగా చెప్పారు. చక్కగా చెప్పారు కూడా.

పదకొండున్నరకు చివరి వరస నుంచి ఒక చీటీ వచ్చింది. తెలుగులో, పెద్ద పెద్ద అక్షరాలతో ఉంది. 'అశోక్‌నగర్‌ల మేం తవ్వే సెల్లార్ల తూర్పు దిక్కు గోడ కింద మట్టి తడిగున్నది. ఎండకాలంల తడి ఎట్లొస్తది. గోడకు ఆనించి మా గుడిసెలున్నయి. డిజైన్ సారు ఒక్కసారి వచ్చి చూడాలె. కిష్టయ్య, మేస్త్రీ.'

చదివాను. ఆ డిజైన్ సారు వేదిక మీదే ఉన్నారని నాకు తెలుసు. ఇది ప్రశ్న కాదనుకున్నాను. సన్మానం చేయబోయే మనిషి ముందు ఇది చదివితే అవమానం అనుకున్నాను. నా చేతులతో నేనే దాన్ని కవర్లో పెట్టాను.

పప్పు గిన్నె దగ్గర

భోజనాలప్పుడు ఒక మనిషి తలుపు పక్కన చేతులు కట్టుకుని నిలబడి ఉన్నాడు. నలభై ఐదేళ్లుంటాయి. ఇస్త్రీ చొక్కా, గోళ్లలో సిమెంటు. బ్యాడ్జీ లేనందుకు మొహమాటపడుతున్నాడేమోనని దగ్గరికి వెళ్లాను.

"తినలేదేందన్నా? పళ్లెం తీసుకో."

"తినెతందుకు రాలే మేడం. నా చీటీ సదివిన్రా?"

అప్పుడు తెలిసింది ఎవరో. "టైం సరిపోలేదన్నా. తర్వాత జవాబు పంపిస్తం" అన్నాను. ఎందరితోనో అన్న మాటే.

"యాడికి పంపిస్తరు మేడం? దాంట్ల నా పేరే రాసిన, పతా రాయలే."

ఎకసెక్కంగా అనలేదు. నిజంగానే అడిగాడు. పక్కకు తీసుకెళ్లి విషయమేమిటని అడిగాను. అతనిది పాలమూరు వైపు. తన మనుషులను వెంటబెట్టుకుని సిటీలో తవ్వకం పనులు చేస్తాడు.

"బిల్డరు సేటుకు రెండుసార్లు చెప్పిన" అన్నాడు. "డిజైన్ చేసిన సారు కంటే నీకెక్కువ ఎరుకనా అన్నడు. సైటు ఇంజనీరేమో వాన పడ్డంక చూద్దామన్నడు. సారు నంబరు ఎవ్వలియ్యలే. నిన్న చౌరస్తల సారు బొమ్మ కనబడ్డది. ఈడనన్న దొరుకుతడని వచ్చిన."

"గుడిసెల్ల ఎంతమంది ఉంటరు?"

"పెద్దోళ్లం పదకొండు మందిమి, పిల్లలు ఆరుగురు. నీడ ఉంటదని గోడకే ఆనిచ్చి ఏసుకున్నం. పిల్లలు గోడ పక్కకే పంటరు."

"జర దూరంగ వేసుకోవచ్చు గదన్నా" అన్నాను, ఏదో ఒకటి అనాలని.

"యాడ ఏసుకోవాలె మేడం? ఒక దిక్కు గుంత, ఒక దిక్కు రోడ్డు. సేటు జాగ చూపిస్తేనే జరుగుతం."

పదిహేడు మంది. వాళ్ల సంగతి గంటన్నర నుంచి నా కవర్లో ఉంది. నాకు సిగ్గేసింది, భయం కూడా వేసింది. రంగనాథం గారు అప్పటికే వరసలో ఉన్నారు, పప్పు గిన్నెకు నలుగురి దూరంలో. ఆయన వెనక ఒక సిమెంటు కంపెనీ మేనేజరు నిలబడి కొత్త రకం సిమెంటు గురించి చెవిలో జోరీగలా చెబుతున్నాడు. "సార్, ఆఫీసు రూంలో మీకు ఫోనొచ్చింది" అని ఆ మేనేజరుతో అబద్ధం చెప్పాను. ఆయన అటు కదలగానే కిష్టయ్య చేతికి పళ్లెమిచ్చి ఆ ఖాళీలో నిలబెట్టాను.

"సార్, ఈయన మీ అశోక్‌నగర్ సైటు మేస్త్రీ. మీతో ఒక మాట చెప్పాలంట."

రంగనాథం గారు వెనక్కి తిరిగి చూశారు. "ఏంటి, చెప్పు."

"పొద్దుగాల సిన్మాల సూపెట్టిన్రు గద సార్, గా గుంత మేమే తవ్వుతున్నం. మీ ఫోటో నెల కిందటిది. గిప్పుడు గట్ల లేదు."

"అక్కడ గట్టి మొరం. రిపోర్టు ఉంది."

"మొరమే సార్. తడి మొరం."

అని జేబులోంచి చిన్న పాలిథిన్ కవరు తీశాడు. అందులో పిడికెడు మట్టి. భోజనాల వరసలో మట్టి తీయడం చూసి వెనకవాళ్లు ఒకడుగు తగ్గారు. రంగనాథం గారు ఎడమచేత్తో చిటికెడు తీసుకుని నలిపారు. వేలికి జిగురుగా అంటుకుంది. ముక్కు దగ్గర పెట్టుకుని చూశారు. ఆయన మొహంలో రంగు మారింది.

"డ్రైనేజీ నీళ్లు ఇవి" అన్నారు. "పక్కింటి పైపు కారుతోంది. ఎన్నాళ్ల నుంచి?"

"పది దినాల నుంచి సార్."

"గోడ అంచు నుంచి గుంతకు ఎంత దూరం వదిలారు?"

"మీరు గీసినంతనే ఇడిసినం సార్. అది పొడి మట్టికి సాలు. దీనికి సాలది."

మా సభ్యులెవరూ ఆయనతో ఏనాడూ అలా మాట్లాడలేదు. ఒక్క క్షణం ఏమంటారోనని నేను బిక్కుబిక్కుమంటూ చూశాను. ఆయన పళ్లెం బల్ల మీద పెట్టేసి, "విమల గారూ, ఇక్కడ ఆటో ఎటు దొరుకుతుంది?" అని అడిగారు.

"సార్, మూడింటికి మీ సన్మానం..."

"శాలువా ఎక్కడికీ పోదమ్మా" అని, కిష్టయ్య భుజం మీద చెయ్యేసి గేటు వైపు నడిచారు. ఇద్దరూ అన్నం తినలేదు.

ఖాళీ కుర్చీ

మూడింటికి వేదిక మీద కుర్చీ ఉంది, పూలదండ ఉంది, మనిషి లేడు. మాధవరావు గారు నన్ను తెర వెనక్కి పిలిచారు.

"ఏడి మనిషి? ఎవరు పంపించిన్రు?"

"నేనే సార్."

"సన్మాన పత్రం ఎవరికి సదవాలె నేను? కుర్చీకా?"

"చదవండి సార్. కుర్చీ అడ్డు చెప్పదు."

ఆయన నా మీద పళ్లు నూరి, వెళ్లి నిజంగానే కుర్చీకి చదివారు. సభికులు చప్పట్లు కొట్టారు. నాకు నవ్వూ ఆగలేదు, కాలూ నిలవలేదు. హాల్లో ఉన్నాను గానీ మనసంతా అశోక్‌నగర్‌లోనే ఉంది.

రంగనాథం గారు ఆ సాయంత్రం ఏం చేశారో తర్వాత తెలిసింది. పని ఆపించారు. బిల్డరును పిలిపించి, గుడిసెలు ఖాళీ చేయించేదాకా అక్కడి నుంచి కదలనని ఇటుకల మీద కూర్చున్నారట. ఎదురుగా సగం కట్టిన బిల్డింగు కింది అంతస్తులోకి అందరినీ మార్పించారు. గోడకు కర్రల ఆసరా పెట్టడం మరుసటి రోజు మొదలైంది, కానీ పూర్తి కాలేదు.

మూడో రోజు మధ్యాహ్నం మొదటి వాన పడింది. గోడ కూలింది.

ఆ సంగతి ఫోన్లో విని చిక్కడపల్లి నుంచి నడుచుకుంటూ వెళ్లాను. ఇరవై అడుగుల పొడవున పక్కింటి ప్రహరీ గోడ గుడిసెలున్న చోటే పడింది. ఇటుకల కింద నీలం టార్పాలిన్ అంచు ఒకటి కనిపిస్తోంది. పక్కింటివాళ్ల బట్టలారేసే తీగ ఊడి వేలాడుతోంది. ఎవరికీ ఏమీ కాలేదు. పిల్లలు రోడ్డు అవతల నిలబడి గుంతలోకి జారుతున్న నీళ్లను చూస్తూ కేరింతలు కొడుతున్నారు. వాళ్లను లెక్కపెట్టాను, ఆరుగురూ ఉన్నారు. అక్కడే ఒక కంకర కుప్ప మీద కూర్చుండిపోయాను. ఇందులో నా గొప్పతనం ఏమీ లేదు. ఆ మనిషి విసుగొచ్చి భోజనాలకు ముందే వెళ్లిపోయి ఉంటే, ఆ చీటీ ఈనాటికీ నా కవర్లోనే ఉండేది.

రంగనాథం గారు రెండు రోజుల తర్వాత ఆఫీసుకొచ్చి శాలువా తీసుకున్నారు. ఆ ఢిల్లీ ఉత్తరం వచ్చినప్పటి నుంచి నివేదికను నేను సదస్సు అయ్యాకే రాస్తున్నాను. "తవ్వకం మొదలయ్యాక నేనొక్కసారీ వెళ్లి చూడలేదు. నివేదికలో ఆ మాట రాయండి" అన్నారు. మాధవరావు గారు వద్దన్నారు. సంఘం పరువు పోతుందన్నారు. నేను రాశాను. చీటీ కవర్లో పెట్టింది నేనేనని కూడా రాశాను. మాధవరావు గారు నాతో నెల రోజులు మాట్లాడలేదు. మాట్లాడకపోవడం వల్ల ఆ నెల పని తొందరగా సాగింది.

ఏడాదికోసారి

గోడ కూలిన వారానికి కిష్టయ్య మా ఆఫీసు మెట్లెక్కి వచ్చాడు. కృతజ్ఞత చెప్పడానికి వచ్చాడనుకున్నాను. "నేనేం చేశానన్నా" అనే మాట కూడా సిద్ధం చేసుకున్నాను. కుర్చీ చూపిస్తే అంచు మీద కూర్చున్నాడు. చల్లటి నీళ్లిస్తే తాగాడు.

"మేడం, మళ్ల మీటింగు ఎప్పుడున్నది?"

"వచ్చే జూన్‌ల."

"యాడాదికా?" అని గ్లాసు కింద పెట్టాడు. "గాంధీనగర్‌ల మా బామ్మర్ది ఇంకో సెల్లార్ తవ్వుతున్నడు. ఆడ సుత ఒక గోడ ఉన్నది. యాడాది దాకా ఆగదు మేడం."

ఇరవై ఆరేళ్లుగా నేను సదస్సులు నడుపుతున్నాను. ఫలానా పెద్దమనిషికి వీలెప్పుడు, హాలు ఖాళీ ఎప్పుడు, బంద్ లేనిదెప్పుడు అని చూసి తేదీ పెట్టేదాన్ని. అవసరం ఎవరికి ఎప్పుడుందో చూసి ఏనాడూ పెట్టలేదు. ఎక్కడా దొరకని మనిషి ఇక్కడ దొరుకుతాడని ఒకాయన పని మానుకుని వచ్చాడు. సదస్సంటే ఏమిటో నాకంటే అతనికే బాగా తెలుసు.

మా సంఘం నిబంధనల ప్రకారం సమావేశం పిలవాలంటే అధ్యక్షుడి సంతకం కావాలి, కమిటీ ఆమోదం కావాలి, ఇరవై ఒక్క రోజుల నోటీసు కావాలి. పిలిచే అధికారం కార్యదర్శికి లేదు. అధ్యక్షుడేమో నాతో మాట్లాడటం లేదు.

"రేపు పదింటికి" అన్నాను. "మీ బామ్మర్దిని తీసుకొని రా."

"సారు వస్తడా మేడం?"

"వస్తడు" అన్నాను. కిష్టయ్య మెట్లు దిగిన తర్వాత రంగనాథం గారికి ఫోన్ చేశాను.